నీలం దారం ముక్క

"ఆఖరి మాట ఏమన్నాడు?"

"ఇందాక ఆ ఇంకో పోలీసాయనకి చెప్పాను కదండీ మేడమ్." అంది కోడలు ఎలిత్సా. "'జ్లాతా' అన్నాడు మావయ్య. 'జ్లాతాకి... జ్లాతాకి...' అని రెండుసార్లు. తర్వాత నాలుక తిరగలేదు. కళ్ళు మాత్రం నన్నే చూస్తున్నాయి. తెలివి ఉంది మేడమ్! చివరిదాకా తెలివి ఉంది!"

ఇన్‌స్పెక్టర్ కలీనా సరాఫోవా వాచీ చూసుకుంది. పదీ యాభై. కొండ అంచున ముప్పై గడపలున్న ఈ ఊరికి ఆమె వచ్చి యాభై నిమిషాలైంది. గొర్రెల కాపరి వెల్కో తాషెవ్ పోయి సరిగ్గా రెండు గంటలైంది. గెర్గ్యోవ్‌దెన్ అనే కాపరుల పండగ పూట, కొత్త చొక్కా తొడుక్కుని, మందలో మొదటి పాలు తాగి పోయాడు.

"మళ్ళీ మొదట్నించీ చెప్పు. టైముతో సహా."

"అయిదింటికి ఊట దగ్గర సెలిమ్ మొక్క కాడలు కోసుకొచ్చాను. ఆరున్నరకి మావయ్య పాలు పితికాడు. ఊరందరికంటే ముందు తనే పితకాలి, అదో పంతం ఆయనకి. ఆరూ నలభై అయిదుకి తాగాడు. ఏడున్నరకి, 'కాళ్ళు నావి కానట్టున్నాయే' అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. ఎనిమిదింటికి చేతులు పడిపోయాయి. ఎనిమిదీ యాభైకి..." ఎలిత్సా తలగుడ్డ చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"పాలు ఎలా తాగాడు?"

"సెలిమ్ కాడతోనే. ఇక్కడ అంతే కదండీ. కాడ లోపల డొల్లగా ఉంటుంది. ఇంటి పెద్ద మొదటి గుక్కలు దాంతోనే పీల్చాలి. మిగతా కాడలు దండ అల్లి పెద్ద గొర్రె మెడలో వేస్తాం. పితకడం అయ్యాక ఆ దండ గొర్రెకే తినిపిస్తాం."

పెద్ద గొర్రె దొడ్డి మూల పడి ఉంది. కాళ్ళు నాలుగూ బిగుసుకుపోయాయి, మూతి నిండా నురగ.

"సీన్ అర్థమైందా కలీనా మేడమ్ గారికి?" గుమ్మంలోంచి వినబడింది. జిల్లా కేంద్రం నుంచి వచ్చిన ఇన్‌స్పెక్టర్ దోబ్రిన్. ఇద్దరిదీ ఒకే హోదా, ఒకే బ్యాచి. పదేళ్ళుగా ఒకరంటే ఒకరికి పడదు. "మొక్క కోసింది ఎవరు? ఈమె. కాడ చేతికిచ్చింది ఎవరు? ఈమె. గొర్రెలు అమ్మేసి పట్నం పోదామని వారం కిందట మావగారితో పోట్లాడింది ఎవరు? ఈమే! ఇంకా దర్యాప్తు ఏంటి నీ మొహం? సంకెళ్ళు తెప్పించాను."

"అమ్ముదామనుకున్న మందలో ఖరీదైన గొర్రెకి కూడా విషం పెట్టుకుందా?"

"తెలివిగలది. అనుమానం రాకుండా పెట్టింది."

"అంత తెలివిగలదైతే, ఆ కాడని నువ్వొచ్చేదాకా పళ్ళెంలో దాచిపెడుతుందా దోబ్రిన్? పొయ్యిలో పడేస్తే పోయేది కదా!"

దోబ్రిన్ మొహం మాడిపోయింది. కలీనా అదేమీ పట్టించుకోకుండా రబ్బరు గ్లవ్స్ తొడుక్కుని పళ్ళెం దగ్గరికి వంగింది.

కాడ జానెడుంది. బొటనవేలంత లావు. నున్నగా ఉంది, నూగు అనేది లేదు. ఒకవైపు పైన పేరుకున్న పాలమీగడని గుడ్డతో తుడిచి చూసింది. కింద వంకాయరంగు మచ్చలు. చిన్నవీ పెద్దవీ, ఎవరో సిరా చిలకరించినట్టు. పక్కన రాలిన ఆకు ఒకటి వేళ్ళ మధ్య నలిపి, దూరం నించే వాసన చూసింది.

ఎలుకలు తిరిగిన కొట్టు కంపు.

ముప్పై రెండేళ్ళయింది ఆ కంపు ముక్కుకి తగిలి. తమ్ముడు పెత్కో. ఆరేళ్ళవాడు. చెరువుగట్టున డొల్లకాడ ఒకటి తుంచి బూర చేసుకున్నాడు. మధ్యాహ్నమంతా ఊదాడు. అక్కకి కూడా ఇవ్వబోతే, ఎంగిలిదని ఈమె తీసుకోలేదు. సాయంత్రానికి వాడు లేడు. వాడి ఒళ్ళంతా చచ్చుబడిపోయాక కూడా కళ్ళు మాత్రం ఆమెనే చూశాయి, అచ్చం ఎలిత్సా చెప్పినట్టే.

"ఇది సెలిమ్ కాదు," అంది. "బుచినిష్. పుస్తకాల్లో హెమ్లాక్ అంటారు. సెలిమ్ ఆకు నలిపితే వాముకి చుట్టంలాంటి ఘాటు వాసన వస్తుంది. కాడ మీద మచ్చ ఉండదు. నీకు తేడా తెలీదా ఎలిత్సా?"

"చీకట్లో కోశాను మేడమ్! దీపం పట్టుకెళ్ళకూడదు. నోరు విప్పకూడదు. పాలు తాగేదాకా ఇంట్లో ఎవరూ చప్పుడు చెయ్యకూడదు, ఎవరినీ ఏమీ అడక్కూడదు. ఇంటి కోడలే కొయ్యాలి. నాకిది రెండో పండగ. అందుకే ముందురోజు సాయంత్రం ఇంటి పెద్ద వెళ్ళి మంచి మొక్క చూసి దారం కట్టి వస్తారు. ఒక్కో ఇంటికి ఒక్కో రంగు. మాది ఎరుపు. తెల్లారుజామున చేత్తో తడుముకుంటూ వెళ్ళి, దారం తగిలితే కోసెయ్యడమే. నాకు ఎర్రదారం తగిలింది. కోశాను. నాలుగు కాడలు. అంతే!"

"దారం కట్టింది మావగారేనా?"

"ఆయనే. నిన్న ఆరింటికి, నన్ను కూడా తీసుకెళ్ళి మరీ కట్టాడు. ఏ వైపుందో గుర్తు పెట్టుకో అన్నాడు. మంచి మొక్కకే కట్టాడు మేడమ్, నేనూ వాసన చూశాను. తర్వాత ఆయన ఇల్లు కదల్లేదు. కళ్ళకి శుక్లాలు, పొద్దుగూకితే అడుగు తీసి అడుగు వెయ్యలేడు."

"ఇదీ కథ!" దోబ్రిన్ చప్పట్లు కొట్టాడు. "దారానికి కాళ్ళొచ్చి పక్కమొక్కకి నడిచి వెళ్ళింది."

కలీనా గుమ్మం వెనక ఉన్న రబ్బరు బూట్లని చూస్తోంది. మడమల దాకా నల్లటి బురద. ఇంకా తడారలేదు. దొడ్డిలో ఉన్నది ఎర్రమట్టి.

"నిన్న ఆరింటికి ఈ బూట్లే వేసుకున్నాడా?"

"లేదండీ. పండగకి కొన్న కొత్తవి వేసుకున్నాడు." ఎలిత్సా అయోమయంగా చూసింది. "ఇవి నిన్న మధ్యాహ్నం నేనే కడిగి పెట్టాను."

కలీనా లేచి కొక్కేనికి వేలాడుతున్న గొర్రెతోలు కోటు జేబులో చెయ్యి పెట్టింది. పొగాకు, చిన్న చాకు, చాకుకి చుట్టుకుని అంగుళం పొడుగు ఉన్నిదారం ముక్క. ఒక చివర ముడి, రెండో చివర కోసిన గుర్తు.

నీలం రంగు.

"ఇది ఏ ఇంటి రంగు?"

"తెలీదు మేడమ్."

"చచ్చినవాడి జేబులో దారం ముక్క!" దోబ్రిన్ విరగబడి నవ్వాడు. "కలీనా, నువ్వు గొర్రెలు కాసుకునే ఇంట్లో పుట్టావని మరీ ఇలా ఉన్ని ఏరుకుంటే ఎలాగమ్మా?"

"ఉన్ని విలువ గొర్రెలు కాసినవాళ్ళకే తెలుస్తుందిలే నాయనా. ఊట దగ్గరికి వస్తావా, ఇక్కడే నవ్వుతూ కూచుంటావా?"

పదకొండూ పదికి ఊట దగ్గరికి చేరారు. చేరీచేరడంతోనే కలీనాకి ఒళ్ళు మండిపోయింది. దోబ్రిన్ కానిస్టేబుళ్ళు ఇద్దరు పెట్రోలు డబ్బా పట్టుకుని నిలబడ్డారు. ఒకడు అప్పటికే అగ్గిపెట్టె తీశాడు.

"ఆగు! ఎవడు చెప్పాడు తగలబెట్టమని?"

"నేనే చెప్పాను. ఆ మొక్క ఊరికి ప్రమాదం. పీడా పోతుంది," అన్నాడు దోబ్రిన్.

"నీ తలకాయ! దీని పొగ కూడా మంచిది కాదు. గాలి ఊరివైపు వీస్తోంది, నీ మనుషులు ముందు పీలుస్తారు. పైగా నా సాక్ష్యం తగలబెడతావా?" ఆమె అగ్గిపెట్టె లాక్కుని జేబులో వేసుకుంది. "మొదళ్ళ మీద పాత కోతలున్నాయి. ఎవరు కోయించారు దీన్ని కిందటేడు?"

"పంచాయతీ వాళ్ళు గడ్డి మిషనుతో కొట్టించారండీ," అన్నాడు కానిస్టేబుల్ బెరుగ్గా. "రెండుసార్లు."

"అందుకే ఇంతైంది. పైపైన కోస్తే మొదట్లోంచి మళ్ళీ లేస్తుంది. గింజ రాలితే ఏళ్ళ తరబడి మొలుస్తూనే ఉంటుంది. పూత రాకముందే వేరుతో సహా పెరికి, సంచుల్లో కట్టి, పశువు మూతిపెట్టని చోట పాతెయ్యాలి. ఎండినా విషం పోదు, గడ్డివాములో కలిసిందంటే శీతాకాలంలో కూడా చంపుతుంది. గ్లవ్స్ లేకుండా ముట్టుకోకండి. ముందు చుట్టూ తాడు కట్టి, ఏ మందా ఇటు రాకుండా చూడండి. కదలండి!"

వాళ్ళు కదిలారు. దోబ్రిన్ మాత్రం చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

రాతిగోడ పొడుగునా సెలిమ్ దుబ్బులు. వాటి మధ్యమధ్య, ఏడాదిలో చొరబడిన బుచినిష్. ఒకే ఎత్తు, ఒకే పచ్చదనం. పట్టపగలు కూడా కలీనా రెండుసార్లు వంగి చూస్తేగానీ ఏది ఏదో తేలలేదు. చీకట్లో ఏం తేలుతుంది?

గోడ మొదట్లో ఒక సెలిమ్ దుబ్బు. ఎవరూ కొయ్యలేదు. కానీ కాడల నడుముకి సన్నటి నొక్కు. నొక్కులో ఎర్రటి ఉన్ని నూగు. సాయంత్రం వెల్కో దారం కట్టింది ఇక్కడే. దానికి మూడడుగుల్లో బుచినిష్ దుబ్బు, నాలుగు మొదళ్ళు, తెల్లారి కోసినవి.

"చూశావా? దారానికి కాళ్ళు రాలేదు. ఎవరో విప్పి ఇక్కడ కట్టారు. ఆ అమ్మాయి నిజమే చెప్పింది."

దోబ్రిన్ వంగి చూశాడు. ఈసారి నవ్వలేదు. "అయితే హత్యే. ఎవరో కావాలని చేశారు. 'జ్లాతా' అన్నాడుగా ముసలాడు! ఆ పక్కింటి జ్లాతా, వీడూ నలభై ఏళ్ళుగా ఉప్పూనిప్పూ అట. పేరు చెప్పి చచ్చాడన్నమాట. పద, పట్టుకుందాం."

పట్టుకోవడానికి ఎక్కడికీ వెళ్ళక్కర్లేదు. ఊట దారిమీదే ఆవిడ ఇల్లు. గుమ్మం ముందు బల్లమీద, ఊట దగ్గరి నల్లబురద అంటిన గుడ్డలు మోకాళ్ళకి చుట్టుకుని, ఏడ్చి ఏడ్చి ఉబ్బిన కళ్ళతో కూచుని ఉంది జ్లాతా అవ్వ. డెబ్బై ఆరేళ్ళు. పదకొండూ ఇరవై ఎనిమిది.

"అవ్వా," అంది కలీనా పక్కన కూచుంటూ. "రాత్రి వెల్కో దారం ఎందుకు విప్పావు?"

దోబ్రిన్ నోరు తెరిచాడు. కలీనా చెయ్యెత్తి ఆపింది.

అవ్వ గుండెమీద కొట్టుకుంది. "పాలు రావాలనే తల్లీ! నా మందకి పాలు రావాలనే! పండగ ముందు పొద్దుగూకాక పగవాడి దారం పక్కమొక్కకి మారిస్తే, వాడి మంద పాలు మన మందకి వస్తాయి. మా అత్త చేసేది. వాళ్ళమ్మా చేసేది. ఎవరికేం అయింది ఇన్నేళ్ళూ? పక్కమొక్క కూడా సెలిమే కదా అనుకున్నాను. నాకేం తెలుసు ఆ మాయదారి మొక్క అక్కడికొచ్చిందని! కళ్ళు కనబడి చచ్చాయా నాకు? పొద్దున చావుకేక వినగానే నా ప్రాణం పోయింది. నన్ను తీసుకుపోండి. నేనే చంపాను వాణ్ణి!"

"నలభై ఏళ్ళుగా ఇదేనా మీ ఇద్దరికీ?" దోబ్రిన్ బల్ల దగ్గరికొచ్చాడు. "దారాలు మార్చుకోవడం?"

"వాడేం తక్కువ తిన్నాడా? వాడి కొట్టంలో ఈనిన ప్రతి జత పిల్లలూ నావేనని తెలుసు నాకు! దొంగముండావాడు... వెల్కో, ఒరే వెల్కో..." తిట్టబోయి, తిట్టలేక భోరుమంది.

కలీనా తల ఎత్తింది.

వాడేం తక్కువ తిన్నాడా.

మడమల దాకా తడిబురద బూట్లు. చాకు. చాకుకి చుట్టుకున్న దారం.

మెల్లిగా జేబులోంచి ప్లాస్టిక్ కవరు తీసి అవ్వ కళ్ళకి దగ్గరగా పట్టుకుంది. "అవ్వా. ఈ రంగు ఎవరిది?"

"నీలం? మాదే." అవ్వ కళ్ళు చిట్లించింది. "మా దారమే. నా ముడే అది, వేళ్ళతో తడిమి చెప్తాను. నీకెక్కడిది?"

కలీనా లేచి పరిగెత్తింది. గోడ పొడుగునా రెండో చివరికి. ఉంది! సెలిమ్ దుబ్బు, ఎవరూ కొయ్యనిది, నడుముకి నొక్కు, నొక్కులో నీలం నూగు. దాని పక్కన ఇంకో బుచినిష్ దుబ్బు. దానికీ నాలుగు కోసిన మొదళ్ళు. తాజావి. ఎలిత్సా కోసింది నాలుగే కాడలు. ఇవి ఎలిత్సా కోసినవి కావు.

చీకట్లో ముడి విప్పలేక చాకుతో కోసి, మిగిలిన దారాన్ని పక్కమొక్కకి కట్టేసి వెళ్ళాడు వెల్కో. శుక్లాల కళ్ళతో. అదేం మొక్కో తెలీక.

పొద్దున కాళ్ళు చచ్చుబడుతుంటే తెలిసింది. గొర్రెలు అలా చావడం ఎన్నిసార్లు చూశాడో! తన దారం ఎవరు మార్చారో తెలిసింది. తను ఎవరి దారం మార్చాడో గుర్తొచ్చింది. నాలుక పడిపోయేలోపల ఒక్క మాట చెప్పాలని చూశాడు. జ్లాతాకి చెప్పండి. జ్లాతాకి.

నిందించడానికి కాదు. కాపాడటానికి!

"అవ్వా!" కలీనా అరుపుకి కానిస్టేబుళ్ళు కూడా ఉలిక్కిపడ్డారు. "మీ ఇంట్లో పాలు పితికారా?"

"మేమా? మా మంద పైదొడ్లో ఉంది కదా. పన్నెండింటికి చర్చి గంట మోగాక పితుకుతారు, మా ఆనవాయితీ అది. మా కోడలు తెల్లారే కాడలు కోసుకుని అటునించి అటే వెళ్ళిపోయింది." అవ్వ కవరులోని దారంకేసి చూసింది, కలీనాకేసి చూసింది. "ఎందుకు అడుగుతున్నావు పిల్లా? ఎందుకలా చూస్తున్నావు?"

"వాళ్ళకి ఫోన్ చెయ్యి!"

"ఫోన్లు కట్టేస్తారు. పాలు తాగేదాకా చప్పుడు చెయ్యకూడదు. అసలు పైన ఫోను పలకదు..." అవ్వ బల్లని గట్టిగా పట్టుకుంది. "అమ్మా మేరీ తల్లీ! ఈ ఏడు మొదటి గుక్క మా మనవరాలిది! ఆరేళ్ళు నిండాయని మా అబ్బాయి స్తామెన్ దానికిస్తానన్నాడు. నేనే సరే అన్నాను. మా బిల్యానా! నా బిల్యానా!"

ఆరేళ్ళు. పెత్కో వయసు.

పదకొండూ ముప్పై ఆరు.

"పైదొడ్డి ఎంత దూరం?"

"మూడు కిలోమీటర్లు. నిలువు కొండ."

తను వచ్చిన కారు ఆ రాళ్ళదారి ఎక్కదు. కలీనా దోబ్రిన్ వైపు తిరిగింది. అడగాల్సిన అవసరం రాలేదు. పదేళ్ళలో మొదటిసారి ఒక్క ఎత్తిపొడుపు లేకుండా అతను జీపు తాళాలు తీశాడు.

"నడిపేది నేను. నువ్వు అంబులెన్సుని పిలువు. ఊపిరి అందించే మిషను ఉండాలని చెప్పు. ఒళ్ళు చచ్చుబడినా ఊపిరి ఆగకూడదు, అంతేగా?"

"అంతే. ఊపిరి ఆగకుండా ఉంటే బతికించుకోవచ్చు." కలీనా అప్పటికే ఫోన్ చెవిన పెట్టుకుంది. అవతలి గొంతు చెప్పింది: జిల్లా కేంద్రం నుంచి గంటా పావు.

అవ్వని ఎత్తి వెనక సీట్లో కూచోబెట్టారు. రానివ్వకపోతే పాక్కుంటూ అయినా వస్తానంది. జీపు రాళ్ళమీద ఎగిరెగిరి పడుతోంది. అవ్వ నోట్లో నోట్లో ఏదో గొణుక్కుంటోంది. దేవుణ్ణి కాదు, వెల్కోని బతిమాలుకుంటోంది. "ఒరే వెల్కో, తప్పయిందిరా. నీ పాలు నువ్వే తీసుకోరా. అన్నీ తీసుకో. పిల్లని మాత్రం వదిలెయ్యరా."

సగం కొండ ఎక్కాక దారికి అడ్డంగా వాగు. కిందటి వానకి వంతెన దుంగలు కొట్టుకుపోయాయి. దోబ్రిన్ తిట్టుకుంటూ వెనక్కి తిప్పి పైరేవు వెతికాడు. ఎనిమిది నిమిషాలు పోయాయి. కలీనా వాచీమీంచి కళ్ళు తియ్యలేదు. పదకొండూ యాభై ఒకటి. యాభై మూడు.

"గంట మోగలేదు," అన్నాడు దోబ్రిన్, తనకి తనే ధైర్యం చెప్పుకుంటున్నట్టు. "ఇంకా మోగలేదు. ఆ మలుపు తిరిగితే దొడ్డే. అందుకుంటాం కలీనా. అందుకుంటాం."

మలుపు దగ్గర రాయి అడ్డం పడి ఇంజను ఆగిపోయింది. ఒక్క క్షణం అంతా నిశ్శబ్దం. దూరంగా దడి, దడి వెనక కదులుతున్న గొర్రెల వీపులు కనిపిస్తున్నాయి. మనుషులు కనబడట్లేదు. గంట మోగలేదు. టైముంది! కలీనా తలుపు తోసి దూకింది.

అప్పుడు వినబడింది.

సన్నగా, తెగితెగి, ఒకే స్వరం మీద. పిల్లలు డొల్లకాడ తుంచి ఊదే బూర.

కలీనా ఆగిపోయింది. ముప్పై రెండేళ్ళ కిందటి చెరువుగట్టు కళ్ళముందుకొచ్చింది.

"మా బిల్యానానే," అంది అవ్వ వెనకనించి. "మిగిలిన కాడతో వాళ్ళ నాన్న ఎప్పుడూ బూర చేసిస్తాడు." ఆవిడ మొహంలో నవ్వులాంటిదేదో మెరవబోయి, అలాగే ఆగిపోయింది. "కానీ... పాలు తాగేదాకా చప్పుడు చెయ్యకూడదు కదమ్మా. వాళ్ళ నాన్న చెయ్యనివ్వడు కదా."

దోబ్రిన్ జీపు దిగాడు.

"గంట దాకా ఆగలేదు," అంది అవ్వ. "తాగేసింది."

కొండ కింద చర్చి గంట అప్పుడు మొదలైంది. కలీనా పరిగెత్తుతోంది. వెల్కో ఎనభై కిలోల మనిషి, అతనికి రెండు గంటల అయిదు నిమిషాలు పట్టింది. అంబులెన్సు రావడానికి ఇంకా యాభై నిమిషాలుంది. దడి అవతల బూర ఇంకా మోగుతూనే ఉంది. ఆగిపోకూడదని ఒకపక్క, తక్షణం ఆగిపోవాలని ఒకపక్క దేవుణ్ణి వేడుకుంటూ ఆమె పరిగెత్తుతోంది.